ఇమాం వలి కొలత దారాలు

నవ్వించే కథలో ఎవరిని చూసి నవ్వుతామో ఆ మనిషికి నొప్పి ఉండదా అని సదాశివ సారును నేను మొదటిసారి అడిగింది 1948 ఎండాకాలంలో. అప్పుడు నాకు పంతొమ్మిదేళ్ళు. ఆయన చేతిలో కలం పక్కన పెట్టి, "ఉంటది బాలమ్మా. కుర్చీల కూసున్నోనికి నొప్పి కావాల్నే మేం రాసేది" అన్నారు. కుర్చీ లేనివాళ్ళ సంగతి నేను అడగలేదు. నాకు తోచలేదు.

మేము మోండా మార్కెట్ వెనక సందులో ఉండేవాళ్ళం. మా ఆయనకు లాలాగూడలో రైల్వే వర్క్‌షాపులో పని. ఆయన పొద్దున వెళ్తే దీపాలు పెట్టే వేళకు వచ్చేవాడు. నేను బడికి పోలేదు. మార్కెట్లో చింతపండు, పప్పు కట్టి ఇచ్చిన కాగితాలు విప్పి, మరకల మధ్య అక్షరాలు కూడబలుక్కుని చదవడం నేర్చుకున్నాను. రాయడం కూడా ఆ అచ్చు చూసే దిద్దుకున్నాను. అందుకని నా చేతిరాత అచ్చులాగే ఉండేది. ఒక అక్షరానికి ఒకటి తగిలేది కాదు.

సదాశివ సారు మా సందు చివర ఇంట్లో ఉండే బడిపంతులు. రెండు నవలలు అచ్చేయించారు. వాటిని చదివినవాళ్ళు ఆయన్ను చూస్తే కొంచెం జాగ్రత్తగా మాట్లాడేవారు. ముందు గదిలో ఒక బీరువా పుస్తకాలతో చిన్న గ్రంథాలయం నడిపేవారు. దానికి 'కిటికీ' అని ఒక మాసపత్రిక ఉండేది. అచ్చు కాదు, చేత్తో రాసింది. నెలకు ఒకే ఒక్క ప్రతి. అది ఒక్కో ఇంట్లో రెండు రోజులుండి పక్క ఇంటికి పోవాలి. చివర నాలుగు పేజీలు ఖాళీగా వదిలేవారు, చదివినవాళ్ళు తేదీ వేసి తమ అభిప్రాయం రాసేందుకు. సారు రాత ఆయనకే అర్థమయ్యేది కాదు. నా రాత చూశాక ఆ పత్రిక ఎత్తి రాసే పని నాకు ఇచ్చారు. అందరికంటే ముందు నేను చదవొచ్చు కాబట్టి ఒప్పుకున్నాను.

ఇక హనీఫా. ఆమె ఇల్లు మా ఇంటికి గోడకు గోడ. నాకంటే పదేళ్ళు పెద్దది. మా అక్క సికింద్రాబాద్ స్టేషన్లో రైలెక్కి కిటికీలోంచి చెయ్యి ఊపి వెళ్ళిన పదిహేను రోజులకు కలరాతో పోయిందని కార్డు వచ్చినప్పుడు, ఆ కార్డు నేనే చదువుకున్నాను. నేను సొంతంగా మొదటినుంచి చివరిదాకా చదివిన మొదటి ఉత్తరం అదే. ఆ రోజంతా నా పక్కన కూర్చున్నది హనీఫా. అప్పటినుంచి ఆమెను అక్కా అనే పిలిచాను. ఆమె పుట్టింటికి రెండు రోజులు వెళ్ళినా నాకు అన్నం సయించేది కాదు.

ఆమె భర్త ఇమాం వలి దర్జీ. వాకిట్లో మిషను పెట్టుకుని కుట్టేవాడు. ఆయనకు అంకెలు రావు, టేపు వాడేవాడు కాదు. ఒక్కో మనిషికి ఒక దారం. ఛాతీకి ఒక ముడి, చేతికి ఒక ముడి, పొడుగుకు ఒక ముడి. దారం చివర ఆ మనిషి గుడ్డ పీలిక ఒకటి కట్టి గోడకు మేకు కొట్టి తగిలించేవాడు. ఆ గోడ చూస్తే మా సందంతా వరుసగా వేలాడుతున్నట్టు ఉండేది. నా రవికె దారం పసుపు పీలికతో తలుపు పక్కన ఉండేది.

సదాశివ సారు నన్ను కథలు అడిగేవారు కాదు, చూసినవి అడిగేవారు. నల్లా దగ్గర ఇద్దరు కొట్లాడారని చెబితే, "ఎందుకు కొట్లాడిన్రో వద్దు. చేతులల్ల ఏమున్నయో చెప్పు" అనేవారు. బిందెలున్నాయంటే, ఎవరి బిందె నిండుగా ఉంది, నిండిన బిందె ఉన్నావిడ ఎందుకు ఇంకా అక్కడే నిలబడింది అని అడిగేవారు. అప్పటిదాకా నేను చూసి కూడా చూడనివి అప్పుడు కనపడేవి. మనుషులను అట్లా చూడటం నాకు కొత్తగా, కొంచెం దొంగతనంగా ఉండేది. ఒకరోజు ఆయన చెప్పిన మాట నేను పాత కాగితం మీద రాసి పెట్టుకున్నాను. "పెద్ద సంగతి ఎంతన్న పెంచు, ఫరవాలేదు. చిన్న సంగతి మాత్రం ఉన్నదున్నట్టుండాలె. చదివెటోడు చిన్నదాన్ని పట్టుకొనే పెద్దదాన్ని నమ్ముతడు."

జూన్‌లో రజాకార్ల దళం వాళ్ళు ఇమాం వలి ముందు ఖాకీ గుడ్డ తాను పడేసి, ఇరవై చొక్కాలు కుట్టమన్నారు. కూలి మాట లేదు. కాదనే మాటా లేదు. మా సందులో ఎవరికీ అనుమానం రాలేదు, ఎందుకంటే రైల్వే వాళ్ళకూ, తపాలా వాళ్ళకూ ఆయన కుట్టేది ఖాకీయే. నెల తర్వాత ఒక మధ్యాహ్నం హనీఫా మా వాకిట్లో చేట ముందు పెట్టుకుని బియ్యంలో రాళ్ళు ఏరుతూ నాకొక్కదానికే చెప్పింది. ఆయన ఒక్కో చొక్కాను దారం కొలత కంటే రెండు వేళ్ళు తగ్గించి కోశాడట. మిగిలిన గుడ్డతో పిల్లలకు నిక్కర్లు కుట్టాడట. యాప్రాల్ దారిలో కవాతు చేస్తూ నాయకుడు సలాం కొట్టడానికి చెయ్యి ఎత్తితే వీపు మధ్యలో చొక్కా చిరిగిపోయిందట. అది చెబుతూ ఆమె ఎంత నవ్విందంటే, ఏరిన రాళ్ళతోపాటు చేటలో బియ్యం కూడా సగం నేల మీద పారబోసింది. నేనూ నవ్వాను. ఇద్దరం కలిసి ఆ బియ్యం ఎత్తుకున్నాం.

మర్నాడు అదంతా సారుకు చెప్పాను. బియ్యం పారబోయడంతో సహా.

ఆగస్టు 'కిటికీ'లో 'ఇరవై చొక్కాలు' వచ్చింది. ఎత్తి రాస్తూ నేనే రెండుసార్లు కలం ఆపి నవ్వుకున్నాను. అందులో నాయకుడి చొక్కా చిరిగితే వెనక వరుస చిరిగింది, ఆ వెనక వరుస చిరిగింది, చివరికి దళమంతా వీపులు గోడకు ఆనించి పక్కకు నడుచుకుంటూ ఇళ్ళకు పోయింది. దర్జీ పేరు వేరే పెట్టారు. ఊరు పేరు లేదు. కానీ దారాలున్నాయి, ముడులున్నాయి, గోడ ఉంది, పీలికలున్నాయి. అక్కడ నా చెయ్యి ఆగింది. వెళ్ళి సారును అడిగాను, దారాలు తీసేసి టేపు పెడదామా అని. ఆయన ఒప్పుకోలేదు. టేపు పెడితే ఆ దర్జీ ఎవరో ఒక దర్జీ అయిపోతాడని, దారం ఉంటేనే మనిషవుతాడని అన్నారు. ఆ మాట నాకు సబబుగానే తోచింది. రాసేశాను. నా అచ్చు అక్షరాల్లో.

హనీఫా ఒకసారి అడిగింది, ఏం రాస్తున్నావని. ఏదో కథ అన్నాను. ఆమెకు తెలుగు మాట్లాడటం నాకంటే బాగా వచ్చు, చదవడం రాదు. ఆమె ముందు పుస్తకం మూసేయడం నాకు అదే మొదటిసారి.

పత్రిక ఇల్లిల్లూ తిరగడం మొదలుపెట్టింది. సెప్టెంబరు నడిమికి విమానాల మోత వినపడింది, బజారు మూసేశారు, పత్రిక ఎవరింట్లో ఉన్నది అక్కడే ఆగిపోయింది. అయిదు రోజుల్లో అంతా అయిపోయింది. భారత సైన్యం సికింద్రాబాద్‌లోకి వచ్చిన రోజు మా ఆయన నన్ను కూడా రోడ్డు దాకా తీసుకెళ్ళాడు. జనం పూలు చల్లుతున్నారు. తిరిగి వచ్చేసరికి హనీఫా వాళ్ళ తలుపు వేసి ఉంది. తట్టాను. తలుపు కొంచెమే తీసి, "రేపు రా బాలమ్మా" అంది.

వారం తిరిగాక, పేర్ల పట్టీలు పట్టుకుని సందుల్లో తిరిగే వాలంటీర్లు నలుగురు వచ్చారు. రజాకార్లకు సాయం చేసినవాళ్ళను పోగు చేసి సైనికుల క్యాంపుకు అప్పగించడం వాళ్ళ పని. నేరుగా ఇమాం వలి వాకిట్లోకి వచ్చారు. వాళ్ళలో ఒకడు ఇంకేమీ అడగకుండా గోడ వైపు చూపించి, "ఏం సాహెబ్, వీటిల ఖాకీ పీలికల దారాలు ఏవి?" అన్నాడు. ఇమాం వలి అబద్ధమాడే మనిషి కాదు. చూపించాడు. వాళ్ళు దారాలన్నీ మేకులతో సహా పీకి గుడ్డలో కట్టి, ఆయన్నూ తీసుకుపోయారు.

హనీఫా ఏడవలేదు. ఖాళీ గోడను చూస్తూ, "దారాల సంగతి వీళ్ళకెట్ల తెలుసు బాలమ్మా? చొక్కాల సంగతి ఇంట్ల నాకు దప్ప ఎవ్వరికి తెల్వదు" అంది.

నాకూ తెలుసు కదా అని ఆమె అనలేదు. నేనూ అనలేదు. జిల్లాల్లో ఇట్లా పట్టుకుపోయినవాళ్ళ గురించి ఆ రోజుల్లో వినపడే మాటలు మంచివి కావు. ఆయన తిరిగి రాకపోతే అది నా నోటివల్ల, నా చేతివల్ల. తిరిగి వచ్చినా ఆ సంగతి ఆమెకు తెలిస్తే హనీఫా నాకు ఉండదు. ఈ రెండూ ఒకదాని మీద ఒకటి పడి, నేను చెప్పులు కూడా వేసుకోకుండా సదాశివ సారు ఇంటికి పోయాను.

ఆయన మొదట నమ్మలేదు. కథను ఎవరైనా సాక్ష్యం లెక్క చదువుతారా అన్నారు.

"చిన్న సంగతిని పట్టుకొనే నమ్ముతరని మీరే చెప్తిరి గద సారు. నమ్మిన్రు" అన్నాను.

ఆయన మెల్లగా, ఆ నాయకుడి వీపు చిరగడం మీదే తన ధ్యాసంతా ఉండిందని, దాన్ని చింపిన చేతులు ఎవరివో మరిచిపోయానని అన్నారు. కుర్చీలో కూర్చున్నవాణ్ణి కొట్టబోతే దెబ్బ మిషను ముందు కూర్చున్నవాడికి తగిలిందని అన్నారు. ఆయన అట్లా మాట్లాడుతుంటే నాకు జాలి వేయలేదు. పత్రిక దొరికితే ఆ పేజీలు చింపి పొయ్యిలో పెట్టాలి, నాకు అదొక్కటే తోచింది.

పత్రిక లాలాగూడలో దేవసహాయం అనే కాంపౌండర్ ఇంట్లో ఆగిపోయి ఉంది. ఇద్దరం నడుచుకుంటూ వెళ్ళాం. దేవసహాయం బొద్దుగా, నవ్వు ముఖంతో ఉండే మనిషి. పత్రికను పక్క ఇంటికి పంపకుండా ఆపుకుని, ఆ కథ వర్క్‌షాపు గేటు దగ్గర మధ్యాహ్నం భోజనాల వేళ ఎనిమిది రోజులు వరుసగా చదివి వినిపించానని గొప్పగా చెప్పాడు. సారు తల దించుకున్నారు. నేను పత్రిక లాక్కుని పేజీ పట్టుకున్నాను. దేవసహాయం నా చెయ్యి పట్టి ఆపాడు.

"జెర ఆగు చెల్లె. వెనక పేజీలు చూసినవా?"

చూడలేదు. అభిప్రాయాల పేజీలు నిండిపోయి ఉన్నాయి. ఆగస్టు ఇరవై రెండున ఒకరు, ఈ దర్జీ మన సందులోనే ఉన్నాడని రాశారు. ఇరవై ఆరున ఇంకొకరు, ఉంటే ఆయనకు దండ వేయాలి, తుపాకీ లేకుండా ఇరవై మందిని ఓడించాడు అని. సెప్టెంబరు మూడున దేవసహాయం, ఇలాంటి దర్జీలు ఊరికొకరు ఉంటే చాలు అని. అన్నీ సైన్యం రాకముందు తేదీలు. వాలంటీర్లకు చెప్పిన మనిషి కథలో దారాలను మాత్రమే చదివాడు. మిగతావాళ్ళు రెండు వేళ్ళను చదివారు. ఒకే కథను ఇన్ని రకాలుగా చదువుతారని నాకు అప్పుడే తెలిసింది. అంత భయంలోనూ ఆ పేజీ దగ్గర ఆగిపోయి ప్రతి అభిప్రాయం చివరిదాకా చదివాను.

చింపడం మానేసి పత్రికతోనే క్యాంపుకు వెళ్ళాం. దేవసహాయం కూడా వచ్చాడు. క్యాంపు గేటు బయట జనం, వాళ్ళలో ఇమాం వలి దగ్గర బట్టలు కుట్టించుకునేవాళ్ళు చాలామంది. హనీఫా అప్పటికే లోపల ఉంది, గోడ వారన బురఖాలో. బల్ల ముందు ఒక అధికారి, పక్కన నేల మీద గుట్టగా రజాకార్లు వదిలేసిన చొక్కాలు. ఇమాం వలి ఆ గుట్ట పక్కనే కూర్చుని ఉన్నాడు.

అధికారికి తెలుగు రాదు. సారు కథను ఉర్దూలో చెప్పడం మొదలుపెట్టారు. వర్క్‌షాపు గేటు దగ్గర అంతమందిని నవ్వించిన కథ అక్కడ ఒక్క ముఖంలోనూ నవ్వు తెప్పించలేదు. దళమంతా పక్కకు నడుచుకుంటూ పోయే చోట అధికారి చెయ్యెత్తి ఆపాడు. ఇది నిజమా, కల్పనా అని అడిగాడు. నిజమైతే ఈ మనిషి వాళ్ళకు కుట్టినట్టే. కల్పనైతే ఈ కాగితాలు తనకెందుకు?

సారు పత్రిక నా చేతిలో పెట్టారు.

నాకు వచ్చిన కాస్త ఉర్దూలో నేను మాట్లాడాను. పెద్ద సంగతి కల్పన, చిన్న సంగతి నిజం అన్నాను. దళమంతా పక్కకు నడవలేదు. కానీ ప్రతి చొక్కా రెండు వేళ్ళు తక్కువ. దారాలు మీ దగ్గరే ఉన్నాయి, చొక్కాలూ ఉన్నాయి, పెట్టి చూడండి అన్నాను. ఇది నీకెట్లా తెలుసని అధికారి అడిగాడు. నేను హనీఫా ఉన్న గోడ వైపు చూడకుండా ఉండాలనుకున్నాను. చూశాను.

"హనీఫక్క నాకు చెప్పింది. నేను సారుకు చెప్పిన" అని తెలుగులోనే అన్నాను.

బురఖా కదలలేదు.

దారాల మూట విప్పారు. ఇమాం వలి గుట్టలోంచి చొక్కాలు తీశాడు. తన కుట్టు ఆయనకు తెలుసు. వీపు మీద మళ్ళీ కుట్టు వేసిన చొక్కా మొదట తీశాడు. ఖాకీ పీలిక ఉన్న దారం ఒకటి ఏరి ఛాతీ మీద పరిచాడు. ముడి బట్ట దాటి రెండు వేళ్ళు బయటికి వచ్చింది. ఒక్కటైతే పొరపాటు కావచ్చన్నాడు అధికారి. రెండోది పెట్టారు. మూడోది. అయిదోదానికి కూడా ముడి సరిగ్గా రెండు వేళ్ళు దాటింది.

"అయిదు చొక్కాలకు ఒకటే పొరపాటు వస్తదా సాబ్" అని దేవసహాయం ఉర్దూలో అన్నాడు. అధికారి నవ్వాడు. కథకు రాని నవ్వు దారానికి వచ్చింది. వెనక పేజీల తేదీలు అప్పుడు చదివించుకుని, దారాల మూట తిరిగి ఇచ్చి ఇమాం వలిని ఇంటికి పొమ్మన్నాడు.

బయట గేటు దగ్గర జనం చప్పట్లు కొట్టారు. కొడుతూనే ఒకాయన తన చొక్కా చెయ్యి కిందికి లాక్కుని చూసుకున్నాడు. ఆయన్ను చూసి పక్కాయన. అది చూసి సదాశివ సారు అలవాటు కొద్దీ జేబులో కాగితం కోసం తడుముకున్నారు. నేను ఆయన వైపు చూశాను. చెయ్యి బయటికి తీసేశారు.

ఆ తర్వాత జరిగింది ఇంతే. దారం కంటే రెండు వేళ్ళు తగ్గించి కోయగల దర్జీ అని ఊరంతటికీ తెలిసిపోయింది. దండ వేస్తామన్నవాళ్ళు ఆయనకు గుడ్డ ఇవ్వడం మానేశారు. ఆ ఇరవై మంది చుట్టాలు సందులో ఎదురైనప్పుడల్లా ఆయన్ను వేరే రకంగా చూసేవారు. రెండు నెలల్లో మిషను ఆగిపోయింది. హనీఫా తమ్ముడు షోలాపూర్ మిల్లులో ఉన్నాడు, రమ్మని ఉత్తరం రాశాడు.

ఆ రెండు నెలలూ హనీఫా నాతో మాట్లాడలేదు. గోడ అవతల ఆమె గిన్నెల చప్పుడు వినేదాన్ని. సదాశివ సారు రెండుసార్లు వాళ్ళ వాకిలి దాకా వెళ్ళి తిరిగి వచ్చేశారు.

వెళ్ళే రోజు పొద్దున ఆమే వచ్చింది. మా వాకిట్లో పాత చోట కూర్చుని, "ఆ కథ చదువు" అంది. పత్రిక తెచ్చి మొదటినుంచి చదివాను. నాయకుడి వీపు దగ్గర ఆమె నవ్వింది. వెనక వరుస దగ్గర బురఖా అంచు నోటికి అడ్డం పెట్టుకుని నవ్వింది. దర్జీ భార్య నవ్వు ఆపుకోలేక బియ్యమంతా పారబోసే చోట నవ్వలేదు. అక్కడ చదివినవాళ్ళందరూ నవ్వేవారు.

పూర్తయ్యాక, వెనక పేజీల్లో జాగా ఉందా అని అడిగింది. నాలుగు వరుసలు ఉన్నాయి. తను చెబుతాను, రాయమంది. ఆమె చెప్పింది చెప్పినట్టు రాశాను.

"కథ మంచిగున్నది. దర్జీ పెండ్లాం నవ్వుకు బియ్యం పారబోయలే. ఆ దినం ఆమె చేతులు వణికినయి. పక్కనున్నామె నోరు చూసింది, చేతులు చూడలే. తెలిస్తే వచ్చే కథల మంచిగ రాస్తరని చెప్తున్న. హనీఫా."

రాయడం అయ్యేదాకా ఆమె నా కలం వైపే చూస్తూ ఉంది. తన పేరు ఏదో చూపించమంది. చూపించాను. దాని మీద వేలు పెట్టి, అచ్చులాగే ఉందని అంది.

మా సొంత అక్క వెళ్ళిన తర్వాత నేను స్టేషన్‌కు మళ్ళీ పోలేదు. ఆ రోజు పోయాను. సాయంత్రం తిరిగి వచ్చి పత్రిక సదాశివ సారుకు ఇచ్చాను. ఆయన ఆ నాలుగు వరుసలు చదివి, మళ్ళీ చదివి, కళ్ళద్దాలు తీసి పక్కన పెట్టారు. నన్ను అడిగారు.

"రైలెక్కేటప్పుడు ఆమె చేతులల్ల ఏముండె?"

ఈసారి చూశాను. కుడిచేతిలో దారాల మూట. ఎడమచేతిలో మూటలోంచి విప్పి విడిగా పట్టుకున్న ఒక దారం, పసుపు పీలికది, నా రవికె కొలతది. నాకు ఇవ్వడానికి తీసిందేమో అనుకున్నాను. రైలు కదిలేదాకా కిటికీ కింద నిలబడ్డాను. ఇవ్వలేదు. చేతికి చుట్టుకుని తీసుకుపోయింది.